కొమురవ్వ బండ, కమిషనర్ అంగీ

మా కొమురవ్వ పెద్దమ్మ గురించి నెమ్మదిగా చెప్పమంటే నా వల్ల కాదు. ఆమె పేరు తీస్తేనే నాకు ఒళ్ళు మండుతుంది. సగం మంట కమిషనర్ నరహరి మీద, సగం ఆమె మీదే. మనిషికి అంత మంచితనం ఉండకూడదు. ఉన్నా, మున్సిపల్ ఆఫీసుకు పోయేటప్పుడు దాన్ని ఇంట్లో పెట్టి తాళం వేసి పోవాలి.

నా పేరు స్వరూప. బస్టాండు ఎదురుగా ఇస్త్రీ బండి నాదే. మాది చాకలివాడ. ఊరికి తూర్పున ఈదుల చెరువు, దాని ఒడ్డున మా రేవు. రేవులో ఇంటికొక బండ ఉండేది. ఒకరి బండ మీద ఇంకొకరు అడగకుండా బట్ట వేయరు. బండ మీద కూర్చోరు, కాలు పెట్టరు. ఇంట్లో ఎవరన్నా పోతే దినాలయ్యేదాకా ఆ బండను ఎండబెడతారు. తర్వాత పసుపూ కుంకుమా పెట్టి, వారసుడు మొదటి చెంబు నీళ్ళు పోస్తే బండ మళ్ళీ పనిలోకి వచ్చినట్టు. ఎండిన బండ కనబడితే 'అయ్యో, ఎవరింట్లో ఏమైంది' అని అడుగుతాం.

పెద్దమ్మ బండ ఆమె అత్తది. నడుమ గుంట పడి, ఒక మూల పెచ్చు ఊడి ఉంటుంది. ఆ పెచ్చు మా పెద్దబాపు పెళ్ళయిన కొత్తలో బట్టలు ఉడకబెట్టే ఉబ్బ బాన దించబోయి జారవిడిస్తే ఊడింది. బానా పగిలింది, బండా చితికింది, అత్త చేతిలో తిట్లు మాత్రం పెద్దమ్మకు పడ్డాయి. ఆయన పోయాక ఆ బండకు నీళ్ళు పోసింది పెద్దమ్మే. కొడుకులు లేరు, ఉన్న ఒక్క బిడ్డ అత్తగారింట్లో ఉంది. ఆమెకు మిగిలిందల్లా ఆ బండ.

ఒక పొద్దున మూటలు ఎత్తుకొని పోయేసరికి రేవు చుట్టూ ఇనుప జాలి. గేటుకు తాళం. 'ఇచ్చట బట్టలు ఉతుకుట నిషేధం' అని పచ్చరంగు బోర్డు. చెరువు చుట్టూ వాకింగ్ ట్రాక్ వేస్తారట, పూల మొక్కలు పెడతారట. పెద్దోళ్ళు అరగక నడవడానికి మా కడుపు మీద దారి వేశారు. అడిగితే లోపలున్న మా బండలను చూపించి, "అవి రాళ్ళే కదా" అన్నాడు కాంట్రాక్టరు మనిషి.

కేసు వేద్దామంటే మా చాకలి సంఘం పెద్దలు అందరూ మీసాలు దువ్వారు కానీ సంతకం దగ్గర ఒక్కడూ ముందుకు రాలేదు. పెద్దమ్మ వేలిముద్ర వేసింది. వకీలు హనీఫ్ సాబ్ మంచివాడు. హైకోర్టులో వాదించి గెలిపించాడు. ఆరు వారాల్లో జాలి తీసి, రేవును మాకు తెరిచివ్వాలని కమిషనరుకు ఆర్డరు. వాడలో ఆ రాత్రి డప్పులు మోగాయి. హనీఫ్ సాబ్ ఆర్డరు కాగితం పెద్దమ్మ చేతిలో పెట్టి నన్ను కూడా దగ్గరికి పిలిచాడు.

"చూడుండ్రి. ఆరు వారాలు దాటిన తెల్లారే నా తాన ఉండాలె మీరు. కోర్టు చెప్పినా చెయ్యకుంటే అది కోర్టు ధిక్కారం. సారును బోనుకాడికి గుంజుకొస్త. కాని దానికి మియాద్ ఉన్నది, ఏడాది. ఏడాది దాటినంక పోతే కోర్టు చెవులు మూసుకుంటది. సమజైందా?"

"ఏడాదేంది సాబ్, ఏడు రోజులల్ల తెరిపిస్త," అంది పెద్దమ్మ. "నేను ఆ సారు బట్టలు ఉతుకుతున్న."

అదే ఆమె ధైర్యం. కమిషనర్ క్వార్టర్సుకు ఆమే చాకలి. వారానికి రెండుసార్లు మూట తెస్తుంది, ఇస్తుంది. ఆయన తల్లి పోయినప్పుడు మైలబట్టలు ఉతికింది. ఆయన బిడ్డ పెద్దమనిషైనప్పుడు ఆ బట్టలూ తనే తీసింది. ఇంటి లోపలి సంగతి తెలిసిన మనిషికి ఆ ఇంటివాళ్ళు చెడ్డ చేయరని ఆమె నమ్మకం. మా వాళ్ళందరిదీ అదే నమ్మకం. ఈ ఊళ్ళో ఇంకే కులానికీ ఇలాంటి పిచ్చి నమ్మకం లేదు.

నరహరి సారు కూడా ఆమెను కసరలేదు. కసిరి ఉంటే బాగుండేది. కోపంతోనైనా హనీఫ్ సాబ్ దగ్గరికి పోయేది. ఆయన సోఫాలో కూర్చొని, పేపరు పక్కన పెట్టి, నవ్వుతూ మాట్లాడేవాడు.

"నువ్వు మా ఇంటి మనిషివి కొమురవ్వా. నీ రేవు నేను తెరిపియ్యనా? సర్వేయరు కొలవాలె. గంతే."

సర్వేయరు కొలవడానికి రావడానికే బతుకమ్మ పండుగ దాటింది. అడిగితే కౌన్సిల్ మీటింగులో పెట్టాలన్నాడు. మీటింగయ్యాక ఎన్నికల కోడ్ వచ్చిందన్నాడు. కోడ్ పోయాక కొత్త చైర్మన్ మంచి ముహూర్తం చూస్తున్నాడన్నాడు. ప్రతిసారీ ఆమె ఉతికిన మూట లోపల పెట్టి, మాసిన మూట నెత్తిన పెట్టుకొని వచ్చేది. ముఖం నిండా నమ్మకం.

మాకు రేవు లేని బతుకు ఎట్లా ఉందో ఆయనకు తెలియక కాదు. నల్లా నీళ్ళు రోజు విడిచి రోజు వస్తాయి, వంటకే చాలవు. ఆటో మాట్లాడుకొని ఊరవతల క్వారీ గుంతకు పోయేవాళ్ళం. ఆ నీళ్ళు పచ్చగా పాకుర పట్టి ఉంటాయి. చేతులకు పుండ్లు లేచాయి. బట్ట ఆరినా వాసన పోదు. నా ఇస్త్రీ బండి దగ్గర ఒకాయన అంగీ ముక్కుకు పెట్టుకొని, "ఇది ఉతికినవా, ఊరేసినవా?" అని నా ముఖాన కొట్టాడు. రెండు హోటళ్ళు దుప్పట్లు మిషన్లకు వేసుకున్నాయి. అయినా పెద్దమ్మ మాత్రం కమిషనరు బట్టలకు క్వారీ నీళ్ళు తగలనివ్వలేదు. తాగే నీళ్ళు పట్టి ఉతికింది. అది చూసి నాకు తల తిరిగిపోయింది.

"నీకేమన్న అల్లుడా ఆయన? తాగె నీళ్ళతోని ఉతుకుతున్నవ్!"

"నోరు ముయ్యవే. సారు తెల్లబట్ట కడతడు. పసుపెక్కితె మంచిగుంటదా?"

"ఆరు వారాలు ఎప్పుడో దాటినయ్. హనీఫ్ సాబ్ కాడికి పోదాం నడువు."

"సారు ఏమన్నడో ఎరికేనా? మల్ల కోర్టుకు పోతె ఫైలు ఆగిపోతదంట. మొదటికొస్తదంట. చేస్త అన్నోని మీదికి కేసెట్ల ఏస్తమే? రేపు ఏ ముఖం పెట్టుకొని మూట తెస్త?"

"ఆ ముఖమే పెట్టుకో. ఆయనకు లేని సిగ్గు నీకెందుకు?"

వారం రోజులు నాతో మాట్లాడలేదు. ఎనిమిదో రోజు సర్వపిండి గిన్నెలో పెట్టుకొని వచ్చి, "తిను, నోటి దూల తగ్గుతది" అని బండి మీద పెట్టి పోయింది. అలాంటి మనిషి. నేనొక్కదాన్నే పోతే కేసు కదలదు. వేలిముద్ర ఆమెది.

అట్లా ఆర్డరు వచ్చి రెండో బతుకమ్మ దాటింది. సంక్రాంతి కూడా పోయింది. ఒకనాడు పొద్దున్నే రేవులోకి జేసీబీ దిగింది. బండలను ఒక్కొక్కటిగా పెకిలించి ఒడ్డున పడేసింది. పెద్దమ్మ జాలి పట్టుకొని అరిచింది. ఆపేవాడు లేడు. నడిచే వాళ్ళు కూర్చోవడానికి ట్రాక్ పక్కన అక్కడక్కడా మా బండలనే పాతారు. సిమెంటు ఖర్చు మిగిలిందని కాంట్రాక్టరు సంబరపడ్డాడట.

ఆ రోజు మాత్రం ఆమె నన్ను తిట్టకుండా నాతోపాటు హైదరాబాదు బస్సెక్కింది.

హనీఫ్ సాబ్ ఆర్డరు తేదీ చూశాడు. వేళ్ళ మీద లెక్కపెట్టాడు. కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టాడు.

"ఇన్ని దినాలు ఏడ సచ్చిండ్రమ్మా మీరు?" అన్నాడు. ఆయన అంత మాట అనడం నేను ఎప్పుడూ వినలేదు. "ఆరు వారాలు పోను ఏడాది. అది దాటి రెండు నెలలైంది. ఆయనకు ఎవడో నేర్పిండు. ఏడాది దాటెదాకా నవ్వుకుంట ఉండుమన్నడు. దాటినంక జేసీబీ దింపిండు."

ఆ మాట వినేసరికి నాకు కమిషనరు నవ్వు కళ్ళముందు కనబడింది. ఆ మీటింగులూ, ఆ ముహూర్తాలూ, 'ఇంటి మనిషివి' అనే మాటా, అన్నీ లెక్క ప్రకారమే. పెద్దమ్మ మాత్రం, "గట్ల చెయ్యడు సాబ్, సారు మంచోడే" అని నేల చూస్తూ అంది. ఆ గొంతులో నమ్మకం సగమే ఉంది.

అయినా హనీఫ్ సాబ్ ధిక్కారం కేసు వేశాడు. రేవు మూసి ఉన్నన్ని రోజులూ రోజూ జరుగుతున్న తప్పే కదా, కాబట్టి మియాద్ దాటలేదని వాదిస్తానన్నాడు. ఇక మొదలైంది. ఒకసారి సర్కారు వకీలు రాలేదు. ఒకసారి జవాబు రాసుకోవడానికి గడువడిగారు. ఇచ్చారు. మళ్ళీ అడిగారు. మళ్ళీ ఇచ్చారు. ఒకసారి జడ్జి మారారు. ఒకసారి మా నంబరు వచ్చేలోపే పొద్దు గూకింది. పోయిన ప్రతిసారీ సద్ది కట్టుకొని పోవడం, బస్సులో తిని రావడం. ఈలోపు ట్రాక్ పూర్తయింది, రిబ్బను కత్తిరించారు, ఫొటోలు దిగారు. మేము ఆలస్యం చేస్తే మియాద్ దాటినట్టు. వాళ్ళు ఆలస్యం చేస్తే దానికి వాయిదా అని పేరు. ఈ తేడా నాకు ఎవరన్నా అర్థమయ్యేటట్టు చెబితే వాళ్ళ బట్టలు జీవితాంతం ఊరికే ఇస్త్రీ చేస్తాను.

ఇంతలోనూ పెద్దమ్మ కమిషనరు మూట మానలేదు. "కేసు కేసే, బట్టలు బట్టలే" అంది. ఆమెకు ఉన్న పెద్ద ఇల్లు అదొక్కటే, మానితే పూట గడవదు. అది నాకూ తెలుసు. తెలిసినా కోపం ఆగదు.

చివరికి కేసు విచారణకు వచ్చింది. కమిషనరు స్వయంగా రావాలన్నారు. ముందురోజు సాయంత్రం ఆయన అటెండరు తెల్ల అంగీ ఒకటి తెచ్చి నా బండి మీద పెట్టాడు. "సారుకు రేపు హైదరాబాదుల పనున్నదక్కా, కడక్ చెయ్యి" అన్నాడు. గంజి పెట్టి ఉంది, పెద్దమ్మ చేతి గంజి. నేను మడత నలగకుండా చేసి ఇచ్చాను. సాయంత్రం గిరాకీ తొందరలో, ఏ పని మీద తొడుక్కుంటాడో తెల్లారి కోర్టు హాల్లో ఆయన్ను చూసేదాకా నాకు తట్టలేదు. మా ఇద్దరి చేతుల పని ఒంటి మీద వేసుకొని, చేతులు కట్టుకొని, బుద్ధిమంతుడిలా నిలబడ్డాడు.

హనీఫ్ సాబ్ బాగానే వాదించాడు. సర్కారు వకీలు లేచి రెండే మాటలు చెప్పాడు. ఏడాది దాటింది, కేసు చెల్లదు. జడ్జిగారు కాగితాలు తిప్పి తలెత్తారు.

"పిటిషనరు వచ్చిందా? ఏమ్మా, ఆర్డరు అమలు కాకపోతే ఏడాది లోపల రావాలి కదా. ఇంతకాలం ఏం చేశారు?"

పెద్దమ్మ వెనక వరుసలో లేచి నిలబడి కొంగు భుజాల మీదుగా కప్పుకుంది.

"బట్టలు ఉతికిన సారు."

"ఎవరివి?"

"ఆ సారుయే. ఇయ్యాల తెరుస్త, రేపు తెరుస్త అన్నడు. ఇంటి మనిషివన్నడు. ఇంటి మనిషి మీద కేసేస్తరా సారు? ఇప్పుడు ఆయన తొడుక్కున్న అంగీ గూడ నేను ఉతికిందే."

హాలంతా నవ్వారు. నల్లకోట్ల వాళ్ళు, బంట్రోతు, ఫైళ్ళు మోసే మనిషి, అందరూ. నాకు లేచి ఒక్కొక్కరి చెంప పగలగొట్టాలనిపించింది. జడ్జిగారు నవ్వలేదు. ఆయన కమిషనరు వైపు చూసి, "మీకు సిగ్గనిపించడం లేదా?" అన్నారు. కమిషనరు తల వంచాడు. తల వంచడం ఉద్యోగంలో నేర్చుకున్న పని, నొప్పి ఉండదు.

ఇంకేం, గెలిచామనుకున్నాను. జడ్జిగారు మెల్లగా ఇంగ్లీషులో చెప్పి రాయించారు. హనీఫ్ సాబ్ మెడ కిందికి వాలింది. బయటికి వచ్చాక చెప్పాడు. "కొట్టేసిండ్రు. ఏడాది దాటినంక మా చేతులు కట్టేసినట్టే అన్నరు. ధిక్కారం జరిగిందా లేదా అనేది గూడ చూస్తలేమన్నరు. కావాల్నంటె వేరే కేసు మొదటి నుంచి ఏసుకోమన్నరు."

"అంటే ఆయన తప్పు చేసిండని గూడ అనలేదా?" అన్నాను.

"అనలేదు."

"మరి మాకైన అవమానం?"

"ధిక్కారమంటె కోర్టుకు, ఆఫీసరుకు నడుమ పంచాయితీ బిడ్డా. మనం కబురు మోసెటోళ్ళమే."

చెరువు మాది, బండ మాది, పుండ్లు మా చేతులవి, అవమానం మాత్రం కోర్టుదట. ఆ కోర్టే తనకైన అవమానాన్ని తేదీ చూసి మరిచిపోయింది. నాకు అప్పుడు వచ్చిన తిట్లు ఇక్కడ రాయలేను.

వరండాలో కమిషనరు మాకు ఎదురొచ్చాడు. తప్పించుకుపోతాడనుకున్నాను. పోలేదు. దగ్గరికి వచ్చి, అదే సోఫాలో నవ్వు నవ్వాడు.

"ఏమనుకోకు కొమురవ్వా. ఆఫీసు పని ఆఫీసు పనే. నీ మీద నాకేం కోపం లేదు. సోమారం అటెండర్‌తోని మూట పంపిస్త. దుప్పట్లు గూడ ఉన్నయి."

కోపం లేదట! ఆయనకు! పెద్దమ్మ, "సరే సారు" అంది.

నేను బస్సులో ఆమెను ఎంత మాట పడితే అంత మాట అన్నాను. సిగ్గు లేదన్నాను. మా బతుకులకు మట్టి పోసింది నువ్వేనన్నాను. పక్క సీటు ఆయన "ఇగ ఊకో అమ్మా, పెద్దమనిషి" అన్నాడు. ఆయన్నూ తిట్టాను. పెద్దమ్మ సద్ది మూట విప్పలేదు. కిటికీలోంచి చూస్తూ కూర్చుంది. మా ఊరి పొలిమేర వచ్చాక అడిగింది.

"స్వరూపా, ఆ మియాద్ అనేది ఉన్నది సూడు. అది ఆళ్ళకేనా, మనకు గూడ ఉంటదా?"

"మనకేముంటదే, మన్ను!" అన్నాను.

బస్సు ఆగకముందే సద్ది మూట చంకన పెట్టుకొని లేచింది.

సోమవారం మూట వచ్చింది. పెద్దమ్మ తీసుకుంది. నేను చూసి ఉమ్మేసి నా బండి దగ్గరికి పోయాను. తెల్లారి పొద్దున్నే నా తలుపు కొట్టింది. మూట నెత్తిన ఉంది, విప్పినట్టు లేదు. "నడువు" అంది. ఎక్కడికో చెప్పలేదు.

ట్రాక్ గేటు దగ్గర వాచ్‌మన్ ఆపాడు. "అవ్వా, బట్టలు ఉతుకుడు బంద్."

"ఉతుకుతలేను బిడ్డా. సారుయి సారుకు ఇచ్చి వస్త."

ఆ వేళకు ఊళ్ళో పెద్దలందరూ అక్కడే ఉంటారు. డాక్టరు, బ్యాంకు మేనేజరు, బట్టల షాపు సేటు. కమిషనరు తెల్ల బూట్లతో మూడో చుట్టు తిరుగుతున్నాడు. పెద్దమ్మ ట్రాక్ వెంబడి నడుస్తూ ఒక్కొక్క రాయినీ చూసుకుంటూ పోయింది. నడుమ గుంట, మూలన పెచ్చు ఊడిన బండ గుల్‌మొహర్ మొక్క పక్కన ఉంది. సేటు దాని మీద కాలు పెట్టి బూటు తాడు కట్టుకుంటున్నాడు. ఆమె అలా నిలబడి చూసింది. అతనికేం అర్థమైందో, కాలు తీసి పక్కకు జరిగాడు. బండ పొడిగా, తెల్లగా ఎండి ఉంది.

పెద్దమ్మ మూట దాని మీద దించింది. కమిషనరు దగ్గరికి వచ్చేదాకా ఆగింది.

"సారు, మీ బట్టలు."

"ఇంత జల్ది అయినయా?" అన్నాడాయన, పది మంది ముందు నవ్వుతూ.

"ఉతకలే."

"ఎందుకు? పానం బాగలేదా?"

"పానం మంచిగనే ఉన్నది. మియాద్ దాటింది సారు."

నవ్వు ఆగింది. డాక్టరూ మేనేజరూ నిలబడిపోయారు. పెద్దమ్మ గొంతు పెంచలేదు. నేనైతే ఊరంతా వినబడేటట్టు అరిచేదాన్ని.

"మీ అమ్మ మైలబట్ట ఉతికిన. మీ బిడ్డది ఉతికిన. మీకు తాగె నీళ్ళతోని ఉతికిన. రేపు, ఎల్లుండి అనుకుంట మీరు నా రేవు మియాద్ దాటించిండ్రు. ఇగ మీ మురికి తీసెటి నా మియాద్ గూడ దాటింది. కావాల్నంటె వేరే చాకలిని మొదటి నుంచి చూసుకోండ్రి."

కమిషనరు అటూ ఇటూ చూశాడు. వాచ్‌మన్‌ను పిలిచాడు. వాచ్‌మన్ మా వాడ అల్లుడే, చెరువులో చేపలు లెక్కపెడుతున్నట్టు అటు తిరిగి నిలబడ్డాడు. ఇక తప్పక ఆయనే మూట ఎత్తాడు. మూట ఎత్తడం ఆయనకు రాదు. ముడి జారి, ఒక దుప్పటి ట్రాక్ మీద ఈడ్చుకుంటూ కారు దాకా పోయింది. ఎవరూ నవ్వలేదు, సాయమూ చేయలేదు.

పెద్దమ్మ అక్కడున్న తాగే నీళ్ళ నల్లా దగ్గరికి పోయింది. గొలుసుకు కట్టిన గ్లాసు రాదని, దోసిలితో నీళ్ళు తెచ్చి బండ మీద పోసింది. మళ్ళీ పోయి తెచ్చింది. గుంటలో నీళ్ళు నిలిచేదాకా తెచ్చింది.

అప్పుడు మాత్రం ఏడ్చింది. రేవు పోయిందని నాకూ అప్పుడే పూర్తిగా అర్థమైంది.

వాడలో ఆ ఇంటి మూట తర్వాత ఎవరూ ముట్టుకోలేదు. ఆయన మిషను కొనుక్కున్నాడు, కొన్నాళ్ళకు బదిలీ మీద పోయాడు. ఆయన మీద మచ్చ ఒక్కటీ లేదు, కాగితాల్లో. కొత్త కమిషనరు తాను కొత్తగా వచ్చానంటున్నాడు. మేం ఇంకా క్వారీ గుంతకే పోతున్నాం. హనీఫ్ సాబ్ మొదటి నుంచి ఇంకో కేసు వేశాడు. దానికి వాయిదాలు పడుతున్నాయి.

పెద్దమ్మ రోజూ పొద్దున్నే ట్రాక్ మీదికి పోతుంది. ఇప్పుడు ఇంటి నుంచి చెంబు తీసుకుపోతుంది. బండ మీద నీళ్ళు పోసి వస్తుంది. తడి బండ మీద ఎవరూ కూర్చోరు, వచ్చినవాళ్ళు చూసి పక్క రాయికి పోతారు. బట్టలు ఉతకొద్దని బోర్డుంది కానీ నీళ్ళు పోయొద్దని లేదు. ఒకసారి సూపర్‌వైజరు వచ్చి, "ఎన్ని దినాలు పోస్తవే ముసల్దానా?" అన్నాడట.

"నువ్వు చెప్పు బిడ్డా," అందట పెద్దమ్మ, చెంబు వంచుతూ. "దీనికెంత మియాద్ ఉన్నదో."